బూడిద పొరల వెంట: బళ్ళారి నుంచి బిల్లసర్గం దాకా

గురువారం, బళ్ళారి

బళ్ళారిలో రైలు దిగేసరికి తెల్లవారుతోంది. మా బావ అనంతపురం నుంచి కారు తీసుకుని ముందే వచ్చి, స్టేషన్ బయట టీ తాగుతూ కనిపించాడు. "ఇంతకీ మనం చూసేది ఏందిరా?" అన్నాడు. "బూడిద" అన్నాను. నా మొహం కాసేపు చూసి ఇంకో టీ చెప్పాడు.

దక్షిణాదిలో చరిత్రకు ముందు మనుషులు ఎలా బతికారో చెప్పే జాగాల గురించి చదువుతుంటే నాకు పదేపదే తగిలింది బూడిదే. బళ్ళారి చుట్టుపక్కల పశువుల పేడ కాలి గుట్టలుగా పేరుకున్న బూడిద. బనగానపల్లె దగ్గర జ్వాలాపురంలో సుమత్రా దీవి నుంచి గాలిలో వచ్చి పడ్డ అగ్నిపర్వతం బూడిద. బేతంచర్ల గుహలో పొయ్యి బూడిద. ఈ మూడూ ఒక రోజు ప్రయాణం దూరంలోనే ఉన్నాయి. ఏ పొర కింద ఏం దొరికిందన్నదాన్ని బట్టే పురావస్తు శాస్త్రవేత్తలు ఇక్కడ కాలాన్ని లెక్కగట్టారు. అందుకే పుస్తకాల్లో చదివింది నేల మీద చూడాలనిపించింది.

మొదట వెళ్ళింది ఊళ్ళోని రాబర్ట్ బ్రూస్ ఫుట్ సంగనకల్లు మ్యూజియానికి. ధార్వాడ కర్ణాటక విశ్వవిద్యాలయంలో పనిచేసిన ఆచార్య రవి కోరిశెట్టర్ చొరవతో, జిల్లా యంత్రాంగం సాయంతో ఏర్పడిన మ్యూజియం ఇది. ఫుట్ జియాలజికల్ సర్వే ఆఫ్ ఇండియా ఉద్యోగి. 1863 మే 30న మద్రాసు పక్కన పల్లావరంలో ఆయనకు దొరికిన ఒక చేతిగొడ్డలితోనే మన దేశంలో పాతరాతియుగం మీద పరిశోధన మొదలైంది. ఆ తర్వాత దశాబ్దాల పాటు మద్రాసు ప్రెసిడెన్సీ అంతా తిరిగి, ఏ రాయి ఏ ఊరి పొలిమేరలో, ఎలాంటి నేలలో దొరికిందో రాసిపెట్టుకున్నాడు. ఆయన పనిలో నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించేది ఈ రాసుకునే అలవాటే. దొరికిన చోటు తెలియకపోతే ఆ గొడ్డలి అద్దాల బీరువాలో మరో రాయి, అంతే. ఆయన సేకరణను 1904లో మద్రాసు ప్రభుత్వ మ్యూజియం కొనుక్కుంది.

బళ్ళారి వీధుల్లో సగం తెలుగే వినిపిస్తుంది. ఒకప్పటి దత్తమండలాల్లో ఇదీ ఒకటి. 1953లో మైసూరు రాష్ట్రంలో కలిసింది గానీ ఇక్కడి మాటల్లోనూ తిండిలోనూ సరిహద్దు ఎక్కడుందో తెలియదు.

శుక్రవారం, సంగనకల్లు కొండలు

ఎండ ముదరకముందే కొండ ఎక్కాలని ఐదున్నరకే బయల్దేరాం. బళ్ళారికి ఈశాన్యంగా కాస్త దూరం పోతే సంగనకల్లు, పక్కనే కప్పగల్లు. చుట్టూ చదునైన నల్లరేగడి, మధ్యలో గ్రానైట్ గుండ్లు పేర్చినట్టున్న కొండలు. పెద్దదాన్ని హిరేగుడ్డ అంటారు. దారి చూపడానికి గొర్రెలు కాసే ఒక తాత మాతో వచ్చాడు.

"రాళ్ళు చూసేకి ఇంత దూరం వచ్చినారా సార్?" అన్నాడు. వెక్కిరింపు కాదు, నిజంగానే అడిగాడు.

ఈ కొండల మీద మనుషులు దాదాపు ఐదు వేల ఏళ్ళ కిందటే ఊళ్ళు కట్టుకున్నారు. 1940ల్లో ఇక్కడ తవ్వకాలు చేసింది మన తెలుగువాడే, బెండపూడి సుబ్బారావు. పుణె డెక్కన్ కాలేజీలో పురావస్తు శాస్త్రవేత్త సంకాలియా శిష్యుడు. ఆ తర్వాత 1990ల చివరి నుంచి కోరిశెట్టర్, డోరియన్ ఫుల్లర్, నికోల్ బోయివిన్ బృందం మళ్ళీ ఈ కొండలను పట్టుకుంది. ఫుల్లర్ చేసిన పని నాకు చాలా ఇష్టం. తవ్విన మట్టిని నీళ్ళలో కలిపితే కాలి బొగ్గయిన గింజలు పైకి తేలతాయి. వాటిని సూక్ష్మదర్శిని కింద పెట్టి ఏ పంటో గుర్తుపట్టాడు. ఇక్కడివాళ్ళు తిన్నవి ఉలవలు, పెసలు, అండుకొర్రలు. వరీ గోధుమా తర్వాత వచ్చినవే. మొన్నటిదాకా రాయలసీమ మెట్టపొలాల్లో పండించి, కరువు వచ్చినప్పుడు తిని బతికింది ఈ తిండే. బావకు ఈ సంగతి చెబితే "అంటే మా నాయనమ్మ ఉలవచారు ఇక్కడి నుంచి వచ్చిందన్నమాట" అన్నాడు. ఉలవను ఇంత పాతకాలంలోనే సాగు చేసిన ఆనవాళ్ళు ఈ దక్షిణాది ఊళ్ళలో దొరికాయి కాబట్టి, ఆ మాటలో పెద్ద తప్పేం లేదు.

హిరేగుడ్డ గ్రానైట్‌ను చీల్చుకుంటూ ఒక నల్లరాతి గోడ పైకి లేచింది. డోలరైట్ డైక్ అది. దాని చుట్టుపక్కల కాలు పెట్టిన చోటల్లా పెచ్చులే. వంగి ఒకదాన్ని కదపకుండా దగ్గరగా చూశాను. ఒక వైపు చదును, రెండో వైపు దెబ్బ తగిలిన చోటు నుంచి అలలు అలలుగా విచ్చుకున్న గుర్తు. ఆ అంచు ఇంకా పదునుగానే ఉంది. క్రీ.పూ. 1400, 1200 మధ్య ఇక్కడ గొడ్డళ్ళ తయారీ ఉధృతంగా సాగిందని పరిశోధకులు తేల్చారు. ముందు పెద్ద పెద్ద పెచ్చులు లేపి ఆకారం తేవడం, తర్వాత చిన్న దెబ్బలతో గరుకు తీయడం, చివర నీళ్ళూ ఇసుకా పోసి బండ మీద నూరి నునుపు చేయడం. ఆ నూరిన గుంటలు బండల మీద ఇప్పటికీ ఉన్నాయి. ఒకదానిలో అరచెయ్యి పెడితే, ఆ నునుపు ఎటు నుంచి ఎటు నూరారో చెబుతోంది.

ఆ నల్లబండల మీదే పశువుల బొమ్మలు. రాతితో కొట్టి కొట్టి పైపొర లేపితే లోపలి రంగు బయటపడి బొమ్మ కనిపిస్తుంది. మూపురాలు, పొడుగాటి కొమ్ములు, ఎటు చూసినా ఎద్దులే. 1892లో ఫాసెట్ అనే ఆయన వీటి గురించి రాశాడు. మనుషులకు చేతికి అందని ఎత్తులో ఉన్న బొమ్మలూ ఉన్నాయి. అక్కడికి ఎక్కి, వంగి, వేలాడుతూ చెక్కి ఉండాలి.

తాత ఒక బండ దగ్గర ఆగి "ఇది మోగుతాది, సూడండి" అన్నాడు. దాని మీద దెబ్బలతో అరిగిన గుంతలున్నాయి. చిన్న గ్రానైట్ రాయితో మెల్లిగా తడితే కంచు మోగినట్టు మోగింది. గుంత మారితే స్వరం మారింది. ఆ కాలం మనిషి విన్న చప్పుడును వినే అవకాశం పురావస్తు శాస్త్రంలో ఎంత అరుదో ఆలోచించండి. కుండ దొరుకుతుంది, ఎముక దొరుకుతుంది, చప్పుడు దొరకదు. ఇక్కడ దొరికింది.

ఈ కొండల్లో గ్రానైట్ క్వారీల వల్ల కొంత భాగం ఇప్పటికే పోయింది. బొమ్మలున్న బండలు కంకర కింద పోతే వాటిని మళ్ళీ తెచ్చేదేమీ లేదు. రోడ్డుకు వేయడానికి కంకర ఇంకెక్కడైనా దొరుకుతుంది.

శనివారం, కుడితిని

బళ్ళారి నుంచి హోస్పేట రోడ్డులో కుడితిని. బూడిద దిబ్బ రోడ్డు పక్కనే ఉంది. తెలియని వాళ్ళకు మామూలు మట్టిదిబ్బలాగే కనిపిస్తుంది. దగ్గరికి పోతే బూడిద రంగు పొరలు, మధ్య మధ్య గాజులా కరిగి గడ్డకట్టిన చిట్టెం ముక్కలు. ఒక ముక్క పక్కన కూర్చుని చూశాను. నిండా బుడగల రంధ్రాలు, కొన్ని చోట్ల పచ్చగా మెరుపు. ఇనుము కరిగించిన చోట వచ్చే చిట్టెం అనుకున్నవాళ్ళు ఉన్నారంటే ఆశ్చర్యం లేదు.

1843లో కెప్టెన్ న్యూబోల్డ్ ఈ దిబ్బల గురించి రాశాడు. ఊరివాళ్ళ కథలు ఊరివాళ్ళకు ఉన్నాయి. హంపి దగ్గర నింబాపురం దిబ్బ వాలిని దహనం చేసిన బూడిద అంటారు, ఇంకో చోట భీముడు చంపిన హిడింబాసురుడిది అంటారు. పండితుల్లో అగ్నిపర్వతం అన్నవాళ్ళున్నారు, ఇటుక బట్టీలు అన్నవాళ్ళున్నారు. ఇది కొత్తరాతియుగం నాటి పేడ బూడిదేనని ఫుట్ గట్టిగా నమ్మాడు. 1960లో జాయినర్ అనే శాస్త్రవేత్త ప్రయోగశాలలో పరీక్షించి అది పశువుల పేడేనని తేల్చాడు.

అయితే పేడను అంత మంటకు కాల్చింది ఎవరు, ఎందుకు? ఈ చిక్కు విప్పింది పాత మహబూబ్‌నగర్ జిల్లాలోని ఉట్నూరు. 1957లో ఆల్చిన్ అనే పురావస్తు శాస్త్రవేత్త అక్కడి దిబ్బను తవ్వితే అడుగున కంచె గుంజలు పాతిన గుంతల వరసలు, మట్టిలో ఆవుల గిట్టల ముద్రలు బయటపడ్డాయి. దిబ్బ ఉన్న చోట పశువుల దొడ్డి ఉండేదన్నమాట. పేరుకున్న పేడను కాల్చడం, మళ్ళీ అక్కడే దొడ్డి కట్టడం, మళ్ళీ కాల్చడం. నాలుగు వేల ఏళ్ళకు పైబడిన గిట్టల ముద్రలు! ఆ తర్వాత కర్ణాటకలోని బుదిహాళ్‌లో కె. పద్దయ్య చేసిన తవ్వకంలో దొడ్డితో పాటు పశువులను కోసిన చోటు, ఇళ్ళు కూడా కనిపించాయి.

కాల్చడం వెనుక పండుగ ఉందని ఆల్చిన్ అనుకున్నాడు. కర్ణాటకలో సంక్రాంతికి ఎడ్లను మంట మీదుగా దూకించడం ఇప్పటికీ ఉంది. అన్నేళ్ళ కిందటి మనిషి మనసును పండుగ ఆచారంతో లెక్కగట్టడంలో కొంత దూకుడు ఉందని నాకు అనిపిస్తుంది. కానీ ఒకటి మాత్రం కళ్ళెదుట ఉంది. చెత్త వదిలించుకోవడానికే అయితే పేడను పొలంలో వేస్తే సరిపోయేది. ఇక్కడ చేతులారా కాల్చి, తరాల పాటు ఒకే చోట గుట్టగా పెంచారు.

దిబ్బలో కొంత భాగం తవ్వుకుపోయినట్టు కనిపిస్తోంది. బళ్ళారి జిల్లాలో ఇలాంటి దిబ్బలు పొలాలకు ఎరువుగా, రోడ్డు పనులకు పూడికగా తరిగిపోతూ వచ్చాయి.

ఆదివారం, యాగంటి

రోజంతా ప్రయాణమే. గుంతకల్లు, గుత్తి దాటి నంద్యాల జిల్లాలోకి. గ్రానైట్ గుండ్లు వెనకబడి, పొరలు పొరలుగా పరుచుకున్న నాపరాతి కొండలు మొదలయ్యాయి. ఎక్కడ చూసినా గోడలు, అరుగులు, చివరికి పొలం గట్లు కూడా నాపరాళ్ళతోనే. సాయంత్రం యాగంటి కోనేట్లో స్నానం చేసి, ఉమామహేశ్వరుని దర్శనం చేసుకుని బనగానపల్లెలో లాడ్జి చూసుకున్నాం. మామిడికాయల కాలం కాకపోవడం బావకు పెద్ద లోటు.

సోమవారం, జ్వాలాపురం

ఈ రోజు కోసమే ఇంత దూరం వచ్చాను.

జుర్రేరు వాగు లోయ విశాలంగా ఉంది. రెండు వైపులా కొండలు, పైన క్వార్ట్‌జైట్ బండలు, కింద సున్నపురాయి. మధ్యలో పొలాలు. ఒకచోట నేల తెల్లగా, బూడిద రంగులో కోసుకుపోయి కనిపించింది. బూడిద తవ్విన గుంత. అందులోకి దిగి గోడ పక్కన నిలబడ్డాను. నా తలకు పైదాకా బూడిదే. చేత్తో తాకితే ముగ్గుపిండిలా మెత్తగా జారింది. వేళ్ళు ఒకదానితో ఒకటి రుద్దితే మాత్రం సన్నగా గరుకు తగులుతుంది. ఆ గరుకు గాజు. అగ్నిపర్వతంలో నురగలా లేచిన లావా బుడగలు పగిలిపోగా మిగిలిన పలుకులు అవి.

దాదాపు 74,000 ఏళ్ళ కిందట సుమత్రాలోని టోబా అగ్నిపర్వతం పేలింది. గత ఇరవై లక్షల ఏళ్ళలో భూమి మీద అంత పెద్ద పేలుడు లేదంటారు. బయటికి వచ్చిన పదార్థం సుమారు 2,800 ఘన కిలోమీటర్లు. ఆ బూడిద బంగాళాఖాతం దాటి రెండున్నర వేల కిలోమీటర్లకు పైగా వచ్చి మన నేల మీద రాలింది. నేరుగా ఆకాశం నుంచి పడ్డది కొద్ది సెంటీమీటర్లే. తర్వాత వానలు కొండల మీది బూడిదను కడిగి, లోయలో నీళ్ళు నిలిచే పల్లంలోకి తెచ్చి పోశాయి. అందుకే ఇక్కడ మందం రెండున్నర మీటర్ల దాకా ఉంది. గాజు పలుకుల రసాయన కూర్పు ఒక్కో పేలుడుకు ఒక్కో రకంగా ఉంటుంది కాబట్టి ఇది టోబాదేనని గుర్తుపట్టగలిగారు.

రవి కోరిశెట్టర్, మైఖేల్ పెట్రాగ్లియా బృందం ఇక్కడ చేసిన పని చెప్పుకోవడానికి తేలిక, చేయడానికి కష్టం. బూడిదకు కింద ఉన్న మట్టిలో ఏముంది, పైన ఏముంది? కింద సుమారు 77,000 ఏళ్ళ నాటి పొరలో రాతి పనిముట్లు దొరికాయి, నూరిన గీతలున్న ఎర్రకావి ముక్క కూడా. పైపొరలోనూ పనిముట్లే, అవీ దాదాపు అదే పద్ధతిలో చేసినవి. 2007లో ఈ ఫలితాలు బయటికి వచ్చాయి. అంతకుముందు చాలామంది టోబా దెబ్బకు మనిషి జాతి అంతరించే అంచుకు పోయిందని అనుకునేవారు. కానీ ఈ లోయలో మనుషులు బూడిద వానను తట్టుకుని మళ్ళీ రాళ్ళు చెక్కుకున్నారు.

ఆ మనుషులు ఎవరు? మనలాంటి ఆధునిక మానవులేనని పెట్రాగ్లియా వాదన. ఆఫ్రికాలో ఆ కాలంలో చేసిన పనిముట్లతో వీటికి పోలిక ఉందంటాడు. పాల్ మెల్లర్స్ లాంటివాళ్ళు ఒప్పుకోలేదు. ఆధునిక మానవులు ఇక్కడికి వచ్చింది టోబా తర్వాతే, ఆ పాత పనిముట్లు వేరే మానవజాతివి అన్నారు. ఆ పొరల్లో మనిషి ఎముక ఒక్కటీ దొరకలేదు. పనిముట్ల ఆకారం చూసి చేసినవాడి జాతి చెప్పడం నాకు నమ్మకంగా అనిపించదు, అది ఏ పక్షం చెప్పినా సరే. మనుషులు బతికి బట్టకట్టారన్నది మాత్రం ఈ గోడలో పైనా కిందా రాసి ఉంది.

లోయలోనే ఒక బండ చాటున ఉన్న నివాసంలో 35,000 ఏళ్ళ నాటి నుంచి చిన్న చిన్న రాతి పనిముట్లు వరసగా దొరికాయి. గోటి కన్నా కాస్త పొడుగుండే పలుకులు. కర్రకో ఎముకకో వరసగా అతికించి బాణంగానో కత్తిగానో వాడేవారు. పూసలు, మనిషి పుర్రె ముక్కలు కూడా ఉన్నాయి. లోయ బండల మీద ఎర్రరంగు బొమ్మలూ ఉన్నాయి. ఒకే లోయలో ఇన్ని వేల ఏళ్ళ బతుకు ఒకదాని మీద ఒకటి పేరుకున్న చోట్లు ప్రపంచంలోనే తక్కువ.

గుంత గట్టు మీద ఒకాయన ఆగి పలకరించాడు. "ఈ బూడిద యాడికి పోతాదన్నా?" అని బావ అడిగాడు.

"అంట్లు తోమే పొడిలోకి సార్. మావోళ్ళు శానామంది తవ్వి అమ్మినారు. రాతిపొలం, పంట పండదు. ఏదో ఒకటి అమ్ముకోవల్ల గదా."

దానికి నేనేం చెప్పను? టోబా బూడిద పొలాన్ని పాడుచేసింది, ఆ బూడిదే వాళ్ళకు నాలుగు డబ్బులు ఇచ్చింది. ఆ మనిషిని తప్పుపట్టలేం. పైగా ఇలా తవ్వుకున్న గుంతల్లోనే పొరలు బయటపడి పరిశోధకులకు దారి చూపాయి. కానీ మిగిలిన గోడలు ఇలాగే అమ్ముడుపోతే, రేపు ఇంకా మెరుగైన పరికరాలతో వచ్చేవాళ్ళకు పరీక్షించడానికి ఏం మిగులుతుంది? రైతుకు ఆ నేల ఖరీదు ఇచ్చి కొన్ని గుంతలనైనా కొని కాపాడడం ప్రభుత్వానికి పెద్ద ఖర్చు కాదు. ప్రపంచంలో ఎక్కడెక్కడి పుస్తకాల్లోనో ఈ ఊరి పేరు ఉంది. బనగానపల్లె బస్టాండులో నేను అడిగిన కుర్రాళ్ళలో ఎవరికీ ఆ సంగతి తెలియదు. వాళ్ళ స్కూలు పుస్తకంలో ఒక్క పేరా ఉన్నా చాలు, ఆ గుంతలను చూసే చూపు మారుతుంది.

మంగళవారం, బేతంచర్ల

బేతంచర్ల నుంచి బిల్లసర్గం గుహలు దగ్గరే. సున్నపురాతి కొండ కూలిపోయి ఏర్పడ్డ లోతైన కనుమలాంటి చోటు, దాని గోడల్లో గుహల నోళ్ళు. న్యూబోల్డ్ వీటిని 1844లో లోకానికి తెలియజేశాడు. 1884, 85ల్లో ఫుట్, సైన్యంలో లెఫ్టినెంటుగా ఉన్న కొడుకు హెన్రీతో కలిసి ఇక్కడ తవ్వించాడు. గుహలకు కెథీడ్రల్, చాప్టర్ హౌస్, పర్గేటరీ, చార్నెల్ హౌస్ అని పేర్లు పెట్టారు. చార్నెల్ హౌస్ నిండా ఎముకలే.

లోపల చల్లగా, గబ్బిలాల వాసన. టార్చి వేస్తే గోడ మీద పాత మట్టం గుర్తులు. ఒకప్పుడు మట్టి ఎంత ఎత్తుదాకా నిండి ఉండేదో అవి చెబుతాయి.

ఇక్కడ దొరికిన ఎముకల్లో కొన్ని చెక్కిన పనిముట్లని తండ్రీకొడుకులు నమ్మారు. అది అప్పట్లో పెద్ద వార్త. ఆ ముక్కల మీద తర్వాత వచ్చినవాళ్ళకు అనుమానాలు మిగిలాయి. ఎముకల మీది గాట్లు మనిషివా, ముళ్ళపంది కొరికినవా అన్నది చేతికి తీసుకుని చూస్తే గానీ తేలదు. ఈమధ్య పెట్రాగ్లియా, కోరిశెట్టర్ బృందం మళ్ళీ ఇక్కడికి వచ్చి పొర పొరగా తవ్వింది. ఆ ఎముకల మీద 2014లో వచ్చిన అధ్యయనంలో తేలింది ఇదీ: రెండు లక్షల ఏళ్ళ కాలంలో ఇక్కడ కనిపించిన 21 రకాల క్షీరదాల్లో 20 ఇప్పటికీ ఉపఖండంలో ఎక్కడో ఒకచోట బతికే ఉన్నాయి. కనబడకుండా పోయింది గెలాడా జాతికి దగ్గరి కోతి ఒక్కటే. టోబా వచ్చింది, ఎండలు వచ్చాయి, వానలు ఆగాయి, అయినా అడవి తట్టుకుంది. జంతువులు విడివిడి అడవుల మధ్య తిరగగలిగినంత కాలం తట్టుకున్నాయని ఆ పరిశోధకుల మాట. నల్లమల మధ్యగా రోడ్లు వెడల్పు చేసే ప్రతిసారీ ఈ మాట గుర్తుచేసుకోవాలి.

ముచ్చట్ల చింతమాను గవి అనే గుహ కూడా ఈ బేతంచర్ల ప్రాంతంలోదే. 1970ల్లో ఎం.ఎల్.కె. మూర్తి అక్కడ తవ్వితే పొయ్యి బయటపడింది. వేడికి పగిలిన మట్టిగడ్డలు, రాళ్ళు. పరీక్షిస్తే సుమారు 17,000 ఏళ్ళ నాటిదని తేలింది. మూర్తి గుహతో ఆగలేదు. ఎరుకల, యానాది, చెంచు, బోయల వేట పద్ధతులను దగ్గరుండి చూసి, ఏ జంతువును ఏ కాలంలో ఏ ఉచ్చుతో పడతారో రాసుకున్నాడు. గుహలో దొరికిన ఎముకల గుట్టకు ఆ మనుషుల తెలివితో అర్థం వెతికాడు. ఈ నేల మీద ఎలా బతకాలో తెలిసినవాళ్ళ దగ్గరికి పోయి నేర్చుకోవడం కన్నా మంచి పద్ధతి నాకు తోచదు.

బిల్లసర్గంలో బయటికి వస్తుంటే ఒక మూల కొత్తగా తవ్విన గుంత కనిపించింది. పక్కన కొబ్బరిచిప్పలు, నిమ్మకాయలు, పసుపూకుంకుమ. గుప్తనిధుల కోసం ఎవరో రాత్రిపూట తవ్వారు. గుంత అంచున ఎముక ముక్కలు చెల్లాచెదురుగా పడున్నాయి. ఏ పొర నుంచి వచ్చాయో ఇక ఎవరూ చెప్పలేరు. పశువులు తోలుకుని వచ్చిన అబ్బాయిని అడిగితే, "బంగారం ఉందంట సార్, అందుకే తవ్వుతారు" అన్నాడు. "ఏమైనా దొరికిందా?" అంటే "ఎముకలే వచ్చినాయంట" అన్నాడు. ఆ ఎముకలు ఏమిటో, ఎన్నేళ్ళవో వాడికి చెప్పాను. రెండు లక్షల ఏళ్ళంటే నమ్మలేదు. పర్గేటరీ లోపలికి తీసుకెళ్ళి గోడ మీద మట్టం గుర్తు చూపిస్తే మాత్రం చాలాసేపు నిలబడి చూశాడు. వాళ్ళ బడిలో సారుకు చెబుతానన్నాడు.

బావ గుంత కొలతలు తీశాడు. నేను ఫోటోలు తీసి, ఫోనులో జాగా గుర్తు పెట్టుకున్నాను. ఇప్పుడు బేతంచర్ల లాడ్జిలో కూర్చుని పురావస్తు శాఖకు, కలెక్టరుగారికి, పోలీసు స్టేషనుకు మూడు అర్జీలు రాస్తున్నాం. రేపు పొద్దున పోస్టాఫీసు తెరవగానే రిజిస్టరు చేసి, రశీదులు తీసుకుని బయల్దేరతాం.